నవ్వించిన ఫిరంగి సిపాయి



మన పూర్వులు నాటకమున విదూషకునకు ప్రత్యేకముగ నొక స్థానము నిచ్చిరి. రాజు ఎంతటివాడైనను, అతనితో చనువుగా మాటలాడుటకును, అతని పొరపాటును నవ్వుచు చూపుటకును విదూషకునకు అధికారము కలదు. తోలుబొమ్మలాటలో రామరావణయుద్ధము ముమ్మరముగ సాగుచుండగా కేతిగాడు నడుమ దూరి రెండు మాటలు విసరిపోవును. కునికిపాట్లు పడుచున్నవారు సయితము లేచి కూర్చుందురు. తెనాలి రామకృష్ణుని కథలు మన పల్లెలలో ఎరుగనివారు లేరు. అయితే, ఆ నవ్వించువాడు ఇల్లు చేరిన పిదప ఎట్లుండును? వానికి నిద్ర పట్టునా? వానికి జబ్బు చేసినచో నమ్మువారెవరు? ఈ ప్రశ్నలను మన కథలు అడుగవు. ఇరువదవ శతాబ్దమున ఇంగ్లండు దేశమున రేడియో ద్వారా లక్షలాది జనులను నవ్వించిన స్పైక్ మిలిగన్ అను హాస్యరచయిత జీవితము ఈ ప్రశ్నలకు కొంత సమాధానము చెప్పును. అందుచేత ఆతని చరిత్రను నేడు మీకు విన్నవింపదలచితిని.

ఆతని పూర్తిపేరు టెరెన్స్ అలన్ మిలిగన్. స్పైక్ అనునది తరువాత వచ్చిన ముద్దుపేరు. అతడు జన్మించినది ఇంగ్లండులో కాదు, మన దేశముననే. నాటి బొంబాయి రాజధానిలో చేరిన అహమ్మదునగరమున 1918వ సంవత్సరము ఏప్రిల్ 16వ తేదీన అతడు పుట్టెను. తండ్రి లియో మిలిగన్ ఐర్లండు దేశీయుడు. బ్రిటిషు ఫిరంగిదళమున కొలువు చేయుచుండెను. తల్లి ఆంగ్లవనిత. తండ్రి జీతము సైన్యమునందైనను మనస్సు రంగస్థలముపై నుండెడిది. దండులో జరుగు వినోదసభలలో ఆడుటయు పాడుటయు ఆయనకు ప్రీతి. కుమారుని బాల్యము పూనా దండులో కొంతకాలము, బర్మాదేశపు రంగూను నగరమున కొంతకాలము గడచెను. పూనాలో క్రైస్తవ సన్యాసినులు నడపు పాఠశాలలో అతడు చదివెను. హిందూస్తానీ మాటలు నేర్చెను. దండులోని బాకాలు, కవాతులు, మీసములు దువ్వు మేజరుదొరలు, వారి కేకలు, వారి డాబుసరి — ఇవి యన్నియు ఆ బాలుని కన్నుల యెదుట జరిగినవి. పెద్దలు గంభీరముగ చేయు పనులను పిల్లలు ఎంత శ్రద్ధగా చూచుచుందురో మన మెరుగుదుము. చూచినది ముప్పదియేండ్లకు గాని బయట పడకపోవచ్చును.

1930వ దశకారంభమున తండ్రికి సైన్యపు కొలువు ముగియగా కుటుంబము లండను చేరెను. అచ్చట నౌకరులు లేరు, విశాలమైన వసారాలు లేవు, ఎండ లేదు. నగరపు ఆగ్నేయభాగమున బీదల యిరుకు ఇండ్లలో కాపురము. లోకమంతట వర్తకము కుంటుపడి పనులు దొరకని కాలమది. బాలుడు చదువు మాని గుమాస్తాగాను, కూలివాడుగాను చిన్నచిన్న పనులు చేయవలసివచ్చెను. అయితే సాయంకాలములందు అతనికి వేరొక లోకముండెను. అమెరికాలోని నల్లజాతివారు కల్పించిన జాజు సంగీతమును విని మోహపడి, అతడు ట్రంపెట్టు అను బాకాను ఊదుట నేర్చెను. వాద్యబృందములలో చేరి నాట్యశాలలలో వాయించెను. ఆ సంగీతమునందు వాద్యకాడు వ్రాసియుంచిన స్వరమునకు కట్టుబడి యుండడు. అప్పటికప్పుడు కల్పించుకొని పోవును. మిలిగన్ హాస్యమునందును తరువాత కనబడిన గుణ మదియే.

రెండవ ప్రపంచయుద్ధము రాగా, 1940లో అతనిని సైన్యమునకు పిలిచిరి. తండ్రివలెనే అతడును ఫిరంగిదళమునకే పోయెను. ఇంగ్లండు దక్షిణతీరమున బెక్స్‌హిల్ అను పట్టణముకడ కావలియుండి, 1943లో ఉత్తర ఆఫ్రికాకును, అదే యేట ఇటలీకిని వెళ్ళెను. ఫిరంగులను పేల్చుటకంటె, ఏ గురిపై పేల్చవలెనో ఆ వార్తను తంతిద్వారాను వైర్‌లెస్సుద్వారాను అందించుట అతని పని.

ఆఫ్రికాలో నొక విచిత్రము జరిగెను. కొండచరియపై నిలిపిన పెద్ద ఫిరంగి యొకటి, గుండు పేలిన అదటునకు వెనుకకు దొర్లి క్రిందికి పడిపోయెను. క్రింద మరియొక దళమువారి వైర్‌లెస్సు బండి నిలిచియుండెను. అందలి సిపాయి, ఆకాశమునుండి ఊడిపడినట్లు ఫిరంగి తన ప్రక్కన కూలుట చూచి దిగ్భ్రాంతుడై యుండగా, పైనుండి మిలిగన్ దిగివచ్చి, ఇటువైపు ఫిరంగి యేదైన వచ్చినదా యని అడిగెనట. బండిలోని యా సిపాయి వేల్సు దేశీయుడగు హారీ సీకోంబ్. ఈ వృత్తాంతమును ఇరువురును జీవితాంతము చెప్పుకొనుచుండిరి. మంచి స్నేహములకు మొదలు ఏదైనను కావచ్చును.

ఇటలీలో మాత్రము నవ్వుటకేమియు లేకపోయెను. 1944 జనవరిలో కాసినో కొండలకు చేరువ ఘోరయుద్ధము సాగుచుండెను. శత్రువుల గుండ్లు పడుచున్న కొండపైకి వైర్‌లెస్సు సామగ్రిని మోసికొనిపోవుచు మిలిగన్ గాయపడెను. కాలి గాయము త్వరలోనే మానెను. మానని గాయము వేరొకటి. ఫిరంగి మ్రోత వినబడినంతనే వణకు పుట్టెడిది, మాట తడబడెడిది, అదుపులేక ఏడ్పు వచ్చెడిది. అతనిని మరల ఫిరంగులకడకే పంపిరి. అచ్చట పైయధికారి యొకడు దానిని రోగముగ గాక పిరికితనముగ నెంచి, అతని చొక్కాచేతిపై నుండిన చిన్నహోదా గీతను తీసివేసెను. యుద్ధమున కాలు తెగినవానికి పతకమిత్తురు. మనస్సు చెదరినవానికి అవమానము దక్కును. ఇది యొక్క దేశపు దోషము కాదు. ఒక్క కాలపు దోషమును కాదు.

పోరునుండి తప్పింపబడిన పిదప అతడు ఇటలీలోనే యుండి సిపాయిలకు వినోదము కల్పించు బృందములలో చేరెను. మువ్వురు వాద్యకాండ్ర బృందమున గిటారు వాయించుచు, వేళాకోళము లాడుచు ఊరూర తిరిగెను. ఫిరంగి మ్రోతకు వణకినవానిని జనుల నవ్వుల మ్రోత నిలువబెట్టెను. యుద్ధానంతరము లండను చేరిన అతనికి చేతిలో డబ్బు లేదు. స్థిరమగు పని లేదు. విక్టోరియా పేటలో జిమ్మీ గ్రాఫ్టన్ అను నతడు నడపు పానశాలలో అటకమీది గదిలో కొంతకాలము తల దాచుకొనెను. గ్రాఫ్టన్ తానును సైన్యమున పనిచేసినవాడు. రేడియోకు హాస్యము వ్రాయువాడు. ఆ పానశాలయందే సీకోంబ్ మరల కలిసెను. పీటర్ సెల్లర్స్, మైకేల్ బెంటీన్ అనువారును అచ్చటికే చేరిరి. వీరిరువురును యుద్ధకాలమున వైమానికదళమున నుండినవారు. సెల్లర్స్ మన దేశమునకును వచ్చి దండులలో వినోదప్రదర్శనము లిచ్చెను. ఏ దొర కంఠమునైనను క్షణములో అనుకరింపగల ప్రతిభావంతుడు. ఈ నలుగురును అధికారుల కేకలు విని విని విసిగినవారే. ఆ విసుగును వారు విద్యగా మార్చుకొనిరి.

1951 మే 28వ తేదీన వీరి తొలి ప్రసారము బి.బి.సి. రేడియోలో వెలువడెను. తమ్ము తాము గూనులని పిలుచుకొనుట వారి యభిమతము. అది వార్తాపత్రికలలోని బొమ్మలకథలో కనబడు మొద్దురాక్షసుల పేరు. కాని యధికారులకు ఆ పేరు అర్థము కాలేదు. అందువలన మొదటి యేడు పిచ్చిజనులు అను నర్థము వచ్చు పేరు పెట్టిరి. మరుసటి యేట గూన్ షో అను పేరు స్థిరపడెను. బెంటీన్ త్వరలోనే విరమింపగా ముగ్గురు మిగిలిరి. 1960 జనవరి 28వ తేదీవరకు పది వరుసలుగా, రెండువందలకు మించిన నాటికలు ప్రసారమయ్యెను. అప్పుడప్పుడు లారీ స్టీఫెన్స్, ఎరిక్ సైక్స్ మొదలగువారు తోడుపడినను, రచనాభారములో అధికభాగము మిలిగన్ మీదనే పడెను.

ఆ నాటికల తీరు ఎట్టిదో రెండుదాహరణములు చెప్పెదను. ఒక నాటికలో సీకోంబ్ ధరించు అమాయకుడగు నెడ్డీ అను పాత్రకు ఐదు పౌనుల కూలి యిత్తుమని ఇద్దరు మోసగాండ్రు ఆశ చూపుదురు. పని సులువే, ఒక పియానోను ఒక గదినుండి మరియొక గదికి చేర్చవలెను. పత్రముపై చేవ్రాలు చేసిన పిదప తెలియును, మొదటి గది పారిసు నగరపు రాజప్రాసాదములోను, రెండవ గది ఇంగ్లండులోను ఉన్నవని! ఆ పియానో నెపోలియను చక్రవర్తిది. నడుమ సముద్రమున్నది. చేయునది లేక నెడ్డీ పియానోనే ఓడగా చేసికొని సముద్రము దాటుటకు బయలుదేరును. మరియొక నాటికలో గంట యెంత యని యెక్లెస్ అను వెఱ్ఱిబాగులవానిని అడుగుదురు. వాడు జేబులోనుండి యొక కాగితము తీసి, ఎనిమిది గంటలనును. ఉదయమున నొక పెద్దమనుష్యుడు దయతో దానిపై గంట వ్రాసియిచ్చెనట. ఎవరేని అడిగినప్పుడు ఎనిమిది కానిచో నేమి చేయుదువని అడుగగా, అప్పుడు కాగితము చూపనని వాని సమాధానము! ఇందులో నవ్వులాట యున్నది. నవ్వులాటతోపాటు మరియొకటి యున్నది. కాగితముపై వ్రాసియున్నదే సత్యమని నమ్ము దొరతనములను చూచినవారు ఈ మాట విని వట్టి వెఱ్ఱి యని కొట్టివేయలేరు.

ఇట్టి హాస్యము రేడియోకే తగును. నాటకశాలలో పియానో సముద్రము దాటవలెనన్న ఎంత ధనమైనను చాలదు. రేడియోలో అలల సవ్వడియు, రెండు మాటలును చాలును. మిగిలినది వినువాని మనస్సే కట్టుకొనును. మన హరిదాసు ఒక్కడే చిడతలు చేతబట్టి లంకను, సముద్రమును, సేనలను సభకు చూపుటలేదా? ఆ శక్తియే యిది. ధ్వనులవిషయమున మిలిగన్ బహుపట్టుదలగలవాడు. ఒకమారు తనకు కావలసిన మెత్తని దెబ్బ చప్పుడు కొరకు మేజోడులో గ్రుడ్లపాయసమువంటి పదార్థము పోయించి పలకకేసి కొట్టించెనట. 1958లో బి.బి.సి. వారు యంత్రములతో నూతనధ్వనులు కల్పించుటకు ప్రత్యేకశాల నెలకొల్పినప్పుడు, అందు తొలుదొలుత పుట్టిన ధ్వనులలో నొకటి గూన్ షోలోని మేజరు బ్లడ్‌నాక్ కడుపులోని గడబిడ!

ఈ మేజరు బ్లడ్‌నాక్ పాత్రను మనము ప్రత్యేకముగ గమనింపవలెను. అతడు భారతదేశమున సేనానిగ నుండి విరమించిన దొర. నోరు తెరచిన పరాక్రమము. ఆపద వచ్చిన పరుగు. సైన్యపు పైకము అతని జేబులోనికి పోవును. మన దేశమున నేర్చిన కారపుతిండి అతని కడుపును విడువదు. రెండువందలయేండ్లు మన దేశమును ఏలిన దొరతనపు గంభీరముఖము వెనుక నేమున్నదో, దండులో పుట్టిపెరిగిన పిల్లవాడు తన దేశీయులకే చెప్పి నవ్వించెను. 1947లో మనకు స్వాతంత్ర్యము వచ్చినది. సామ్రాజ్యము పోయినదని ఇంగ్లండులో పలువురి మనస్సులకు ఇంకను పట్టని కాలమున ఈ హాస్యము వినవచ్చెను. అయితే నిష్పక్షపాతముగ మరియొకటియు చెప్పవలెను. అతడును సెల్లర్సును కలసి భారతీయుల యాసను వెక్కిరించు పాత్రలనుగూడ ధరించిరి. 1969లో దూరదర్శనమున మొగమునకు నల్లరంగు పూసికొని పాకిస్తానువానిగ నటించిన హాస్యవరుస వలసవచ్చినవారిని నొప్పించునని గొప్ప ఆక్షేపణ కలిగి ఆరు భాగములతో నిలిచిపోయెను. దానిని వ్రాసినవాడు మిలిగన్ కాకపోయినను వేషము వేసినవాడు అతడే. బలవంతుని వెక్కిరించుట విదూషకధర్మము. బలహీనుని వెక్కిరించుటకు ఆ పేరు చెల్లదు. రెండును ఒక్క మనుష్యునియందే యుండుట చరిత్రకు క్రొత్త కాదు.

ఇక ఆ నవ్వునకు చెల్లించిన వెల యెంత? గూన్ షో వరుసలలో పెక్కింటికి ఇరువదియైదు వారములకు తక్కువ లేదు. ప్రతివారమును ఒక అరగంట నాటిక సిద్ధము కావలెను. పండుగయని ఆగదు, జ్వరమని ఆగదు. ఆదివారమునాడు నాటకశాలలో జనుల యెదుట దానిని పాడి ముద్రించుకొందురు. సోమవారమునుండి మరల తెల్లకాగితము ఎదుట నుండును. వానలు లేకున్నను ప్రతివారము పంట కోయుమని రైతు నడిగినట్లే యిది. యుద్ధమున చెదరిన మనస్సుపై ఈ భారము పడెను. 1952 చివరన, మూడవ వరుస నడుచుచుండగా, మిలిగన్ మనస్సు పూర్తిగా అదుపు తప్పెను. ప్రాణస్నేహితుడగు సెల్లర్స్‌నే చంపెదనని కత్తి చేతబట్టి వాని యింటికి బయలుదేరెను. అతనిని మానసిక వైద్యశాలలో చేర్చిరి. పెక్కు ప్రసారములు అతడు లేకయే జరిగెను. తిరిగివచ్చి మరల వ్రాసెను. ఉత్తమములని పేరుబడిన నాటికలలో పెక్కు ఆ తరువాత వ్రాసినవే. కాని వ్యాధి అతనిని విడువలేదు. కొంతకాలము అమితోత్సాహము, కొంతకాలము లేవలేని దిగులు — ఇట్లు జీవితాంతము పలుమారులు వైద్యశాలల పాలయ్యెను. భార్యాబిడ్డలును ఆ కష్టమును పంచుకొనవలసివచ్చెను.

గూన్ షో ముగిసిన పిదపను అతడు ఊరకుండలేదు. అణుయుద్ధము ముగిసిన లోకమున మిగిలిన మనుష్యులు బల్లలుగను గదులుగను మారిపోవు నాటకమును జాన్ ఆంత్రోబస్‌తో కలసి వ్రాసెను. 1969లో దూరదర్శనమున అతడు ప్రారంభించిన క్యూ ఫైవ్ అను హాస్యవరుసలో కథకు మొదలు తుద అను నియమమే లేదు. అదే యేట ప్రసిద్ధికెక్కిన మాంటీ పైథాన్ బృందమువారు అతనికి తాము ఋణపడితిమని చెప్పుకొనిరి. పిల్లలకొరకు అర్థములేని వింతపద్యములు వ్రాసెను. వానిలో నొకటి 1998లో జరిగిన యెన్నికలో ఆ దేశీయులకు మిక్కిలి ప్రియమైన హాస్యపద్యముగ నెన్నబడెను. 1971 మొదలుకొని తన యుద్ధస్మృతులను ఏడు సంపుటములుగ వెలువరించెను. హిట్లరు పతనమున తన పాత్ర యేమో చెప్పునట్టి పేరుతో మొదటి సంపుటము ప్రారంభమగును. పేరు చూచి నవ్వుచు తెరచినవాడు, కాసినో కొండ ఘట్టము చేరునప్పటికి నవ్వు మరచిపోవును.

అతని పౌరసత్వపు కథయు వింతయే. సామ్రాజ్యపు దండులో పుట్టి, ఆ సామ్రాజ్యముకొరకు పోరాడి గాయపడినవానికి, 1960 ప్రాంతమున బ్రిటిషు ప్రయాణపత్రము నిరాకరింపబడెను. తండ్రి ఐర్లండువాడు, తాను పుట్టినది భారతదేశమున, మారిన చట్టముల లెక్కలో అతనికి చోటు దొరకలేదు. కాగితముపై వ్రాసియున్నదే నిజమను తన యెక్లెస్ మాట తనకే ఎదురుపడినట్లయ్యెను. అతడు 1962లో ఐర్లండు పౌరుడయ్యెను. కొంతకాలమునకు రాజకుటుంబమువారే అతని హాస్యమును మెచ్చుకొనిరి. 1972లో బి.బి.సి. స్వర్ణోత్సవమునకై గూనులు మరల కలసి ఆడిన కడపటి నాటికకు ప్రిన్స్ ఫిలిప్ మున్నగువారు ప్రేక్షకులుగ వచ్చిరి. 2001లో అతనికి నైట్ బిరుదు గౌరవపూర్వకముగ నొసగిరి. విదేశీయుడు గనుక సర్ అని పిలిపించుకొను అర్హత మాత్రము కలుగలేదు.

ఇంత చెప్పినను, అతడు చేసిన పనులలో ముఖ్యమైనది ఇంకొకటి మిగిలియున్నదని నా యభిప్రాయము. ఆ తరమువారు మనోవ్యాధిని దాచిపెట్టెడివారు. అది వంశమునకు మచ్చ, మగతనమునకు లోపము అనుకొనెడివారు. మిలిగన్ దాచలేదు. పత్రికలవారియెదుటను దూరదర్శనమునను తన వ్యాధిని పేరుపెట్టి చెప్పెను. 1993లో ఆంథొనీ క్లేర్ అను మానసికవైద్యునితో కలసి, దిగులువ్యాధిని గూర్చియు దానిని దాటి బ్రతుకుటను గూర్చియు పుస్తకము ప్రకటించెను. నవ్వించువాడే యిట్లు చెప్పుటచేత, నోరు తెరువలేక కుములుచుండిన అనేకులకు ధైర్యము చిక్కెను. 1944లో పిరికితనమని పేరుపెట్టి గీత తీసివేసిన దానిని, అతడు రోగమని నిరూపించి, దానికి వైద్యమున్నదని జనులకు తెలిపెను.

సెల్లర్స్ 1980లోను, బెంటీన్ 1996లోను, సీకోంబ్ 2001లోను గతించిరి. సీకోంబ్ గొప్ప గాయకుడు. తన అంత్యక్రియలలో వాడు పాడు బాధ తప్పినదని మిలిగన్ స్నేహితుని మరణముపైనను వేళాకోళమాడెను. 2002 ఫిబ్రవరి 27వ తేదీన, ఎనుబదిమూడేండ్ల వయస్సున, మిలిగన్ సస్సెక్స్ సీమలో కన్నుమూసెను. అతని సంస్మరణ ప్రార్థనలో స్నేహితులు సీకోంబ్ పాటను యంత్రముద్వారా వినిపించి, ఆ వేళాకోళమునకు బదులు తీర్చుకొనిరి.

తనకు జబ్బుగానున్నదని ముందే చెప్పితిని గదా అను అర్థము వచ్చు మాటలను తన సమాధిశిలపై చెక్కవలెనని అతని కోరిక. విన్‌చెల్సీ గ్రామపు దేవాలయపు ఆవరణలో ఆ మాటలను ఇంగ్లీషున చెక్కుటకు మతాధికారులు సమ్మతింపలేదు. తుదకు ఐరిషుభాషలో చెక్కుటకు ఒప్పుకొనిరి. 2004లో శిల నిలిచెను. చూచువారు నవ్వుకొని పోవుదురు. కాని అందు నవ్వుతోపాటు ఒక ఫిర్యాదును కలదు. చెప్పుచునే యుంటిని; మీరు వినలేదు అని.

గ్రామమునందు పెద్దలైన మీకడకు కుటుంబపు తగవులు, కష్టములు వచ్చుచుండును. సభలో అందరికంటె బిగ్గరగా నవ్వించువాడు మీ యూరనుండవచ్చును. యుద్ధమునుండియో, దూరదేశపు కూలినుండియో తిరిగివచ్చి మాటలాడక మూలన కూర్చుండువాడును ఉండవచ్చును. ఇరువురిలో ఎవడైనను తనకు బాగులేదని చెప్పినపుడు, దానిని సోమరితనమనియు, దయ్యమనియు, పిరికితనమనియు త్రోసివేయక, జ్వరము వచ్చినవానిని వైద్యునికడకు పంపినట్లే పంపుట పెద్దరికమునకు తగిన పని. మిలిగన్ నవ్వించిన నాటికలు మనకు వినరాకపోవచ్చును. అతడు చెప్పిన యీ మాట మాత్రము మన భాషలోనికి రావలసియున్నదని విన్నవించి విరమించుచున్నాను.